ఈసారి నీ వాటా పంపను

నాజూ,
నవంబరు మొదటివారం

ఉల్సాన్‌లో ఓడలు కట్టే నా కొడుకు సంగ్యూకి అమ్మ రాస్తున్నది.

ఫోను మధ్యలో పెట్టేశావు కాబట్టి ఉత్తరం. చలికాలానికి క్యాబేజీ పచ్చడి, కిమ్చి, పెట్టుకునే రోజున నీ అక్కా, మిగతా ఆడవాళ్లూ వస్తారు కదా, ఆ ఒక్కరోజు సోల్హీని లోపలి గదిలో ఉంచమన్నావు. నీ కూతురు కెనడాలో చదువుతున్నదని అందరికీ చెప్పావట. అది ఆసుపత్రిలో రెండు నెలలుండి తిన్నగా నా దగ్గరికి వచ్చింది. దారిలో కెనడా తగల్లేదు.

బళ్లో జీవశాస్త్రం చెప్పినదాన్ని, విను. మెదడు పుట్టేనాటికే పూర్తయ్యే వస్తువు కాదు. పాతికేళ్లదాకా లోపల పని సాగుతూనే ఉంటుంది, ఆ తరవాత అరుగుదల. ఒక్కో వయసులో ఒక్కో బాధ బయటపడుతుంది. మా తమ్ముడు పసితనంలోనే మాట మానేసి గులకరాళ్లు వరసగా పేర్చుకునేవాడు. మీ నాన్న డెబ్బై దాటాక తన చెప్పులు నేను దొంగిలించానని పోట్లాడేవాడు. ఆ అరిగిన చెప్పులు నాకెందుకో మాత్రం చెప్పలేదు. లేని గొంతులు వినపడడం చాలామందికి ఇరవై ఏళ్ల చుట్టుపక్కలే మొదలవుతుంది. సోల్హీకి ఇరవై ఒకటి. జబ్బు దాని వేళకి అది వచ్చింది, నీ పరువు చూసి రాలేదు.

నీకెవరూ చెప్పని సంగతి ఇంకొకటుంది. నువ్వు పుట్టాక కొన్ని నెలలు నిన్ను ఎత్తుకోలేకపోయాను. నువ్వేడుస్తుంటే గోడవైపు తిరిగి పడుకునేదాన్ని. మా అత్త బాలింతలకి పెట్టే సముద్రపు నాచు పులుసు గిన్నెలు గిన్నెలు పోసి, ఇరుగుపొరుగుతో "కోడలికి జలుబు" అని చెప్పింది. నెలల తరబడి జలుబు! జబ్బు కన్నా ఆ జలుబే నన్ను ఎక్కువ ఏడిపించింది. నా ఇంట్లోకి దాన్ని మళ్లీ రానివ్వను. ఆ రోజు అందరి ముందూ నేనే చెబుతాను.

కోపం వస్తే రానీ.

మీ అమ్మ,
ఓక్‌బున్

*

నాజూ,
నవంబరు చివర

సంగ్యూ,

నేను సిద్ధం చేసుకున్న ఉపన్యాసం దండగయింది.

అందరం చుట్టూ కూర్చుని క్యాబేజీ ఆకులకు కారం పట్టిస్తున్నాం. సోల్హీ తనంతట తానే వచ్చి మా మధ్య కూర్చుంది. నీ అక్క మ్యోంగ్‌సుక్ ఊరుకుంటుందా?

"కెనడా నుంచి ఎప్పుడు దిగావే? అత్తకి ఒక్క చాక్లెట్టయినా తేలేదా?"

నేను గొంతు సవరించుకునేలోపే నీ కూతురు అందుకుంది.

"కెనడా కాదత్తా, పిచ్చాసుపత్రి. అక్కడ చాక్లెట్లు అమ్మరు."

చేతులన్నీ ఆగిపోయాయి.

"లేని గొంతులు వినిపించేవి. మందులు వేసుకుంటున్నాను. ఇప్పుడు చాలావరకు నీ గొంతొక్కటే వినిపిస్తోంది."

అని, కొత్త కిమ్చి ఆకులో ఉడికిన మాంసం ముక్క చుట్టి, అత్త నోటి దగ్గర పెట్టింది. మ్యోంగ్‌సుక్ ఆ చేతిని చూసింది, దాని మొహం చూసింది. తరవాత ఇంత నోరు తెరిచింది.

నమిలి, కళ్లు తుడుచుకుని, "ఉప్పు కషాయం," అంది. "ఇంకోటి పెట్టు."

ఆ పైన అన్నది కూడా రాస్తున్నాను: "మా తమ్ముడికి అబద్ధాలు చిన్నప్పుడూ చేతకాలేదు. కెనడాలో ఏ ఊర్రా అంటే ఫోను పెట్టేశాడు."

అందరూ వెళ్లాక, నన్నెందుకు చెప్పనివ్వలేదే అని అడిగాను. "నువ్వు చెబితే నీ పాఠమయ్యేది నానమ్మా. ఇది నాది," అంది. ఇన్నేళ్లు పాఠాలు చెప్పాను, నా నోరు మూయించిన మొదటి పిల్ల ఇదే. ఊరంతా తిరిగి చెప్పుకోవాలని ఉంది.

ఏటా నీ వాటా డబ్బాకెత్తి బస్సులో పంపేదాన్ని. ఈసారి పంపను. వచ్చి నీ కూతురి చేత్తో తిను. నోరు తెరవడం ఒక్కటే నీ పని.

సోల్హీ నానమ్మ