దేనికీ తగలకుండా పడిన సైకిలు

హార్లింగెన్,
మార్చి 11, మంగళవారం.

ప్రియమైన బౌక్యాకి,

నీ విట్స్కే నమస్కారాలు. నేనిక్కడ కులాసా. గాలి తిరిగినప్పుడల్లా నీ మణికట్టు సలుపుతుందని తెలుసు కాబట్టి, నువ్వూ కులాసాయే అనుకుంటున్నానని రాయలేను. నాలుగు వీధుల అవతల ఉన్న మనిషికి ఉత్తరమేమిటని నవ్వుకుంటావు. మీ ఇంటికొస్తే నువ్వు కాఫీ పోస్తావు, వచ్చినవాళ్ళకి "నేను పడిన రోజు అందరికంటే ముందు వచ్చింది ఇదే" అని నన్ను చూపిస్తావు, నేను వానల గురించి నాలుగు మాటలు మాట్లాడి లేచి వచ్చేస్తాను. పదిహేడు నెలలుగా ఇదే వరస. అందుకే రాస్తున్నాను.

ముందు కబుర్లు. ఆసుపత్రిలో మా గది కిటికీ ఎట్టకేలకు బాగుచేశారు. వచ్చే నెలాఖరుకి నేను రిటైరవుతున్నాను. నా పనేమిటని అడిగినప్పుడల్లా విరిగిన ఎముకలకి నంబర్లు వేస్తానని చెప్పి తప్పించుకున్నాను. ఇవాళ సరిగ్గా చెప్పాల్సిన అవసరం పడింది. ఏ ఎముక విరిగిందో దానికొక కోడ్, ఎలా విరిగిందో దానికి ఇంకొకటి. సైకిలు తొక్కే మనిషి కారుకి తగిలితే వి పదమూడు. దేనికీ తగలకుండా పడితే వి పద్దెనిమిది. సముద్రపు గాలికి పడేవాళ్ళు, బాతుల్ని తప్పించబోయి పడేవాళ్ళు, పక్కవాళ్ళతో కబుర్లాడుతూ పడేవాళ్ళు అందరూ పద్దెనిమిదిలోకే. కొత్తగా చేరినవాళ్ళకి మా పెద్దాయన డౌవే మొదటి రోజే చెప్పే మాట ఒకటుంది. కాగితం మీద లేనిది జరగనట్టే, నువ్వు కిటికీలోంచి కళ్ళారా చూసినా సరే.

నీ కాగితం మీద ఉన్నది ఒకటే వాక్యం. ఇంటి ముందు సైకిలు మీద నుంచి పడింది, అని. అక్కడున్న మనిషి చెప్పింది అంబులెన్సువాళ్ళు రాసుకున్నారు. నీకు స్పృహ లేదు. తెలివొచ్చాక ఏదో కారు తలుపు అడ్డొచ్చిందని చెప్పావు గానీ, తలకి దెబ్బ తగిలిన మనిషి మాట ఎవరూ రాసుకోలేదు. ఆ ఫైలు నా బల్ల మీదకే వచ్చింది. తెలిసినవాళ్ళ ఫైలు వస్తే పక్క బల్లకి ఇచ్చెయ్యాలన్నది మా నియమం. నేనివ్వలేదు. వి పద్దెనిమిది వేసి మూసేశాను.

ఒక్క నంబరేగా అనుకున్నాను. అది నీ ఇంటిదాకా వచ్చింది. తనంతట తానే పడిందన్న మాట చూసి మీ డాక్టరు నిన్ను పడిపోకుండా ఒంటికాలి మీద నిలబడడం నేర్పే క్లాసుకి పంపాడు. మీ యిల్డౌని కూడా తప్పుపట్టను. అరవై తొమ్మిదేళ్ళ తల్లి చదును రోడ్డు మీద ఊరికే పడిందంటే ఏ కూతురైనా సైకిలుకి తాళం వేస్తుంది. తను తాళంచెవి కూడా పట్టుకుపోయింది. నువ్వు పాటల బృందానికి రావడం మానేశావు, సముద్రపు కట్ట మీదకి రావడం మానేశావు. ఇవన్నీ చూస్తూ కూడా నోరు మూసుకున్నాను, సిగ్గులేకుండా. కానీ పోయిన వారం కాఫీ పోస్తూ నువ్వన్న మాట గుర్తుందా?

"తలుపూ లేదు, ఏమీ లేదులేవే. నా బుర్రే నాకు అబద్ధం చెప్పింది. ఇంక నన్ను నేనే నమ్ముకోకూడదు."

నలభై ఏళ్ళుగా ఎవరి మాటా లెక్కచెయ్యని దానివి, ఆ మాట ఎంత మెల్లగా అన్నావో. ఇంటికొచ్చి నేను అన్నం ముట్టలేదు.

మర్నాడు డౌవే దగ్గరికెళ్ళి, నీ కేసులో సాక్షి దొరికిందని చెప్పాను. ఆయన కళ్ళద్దాలు తీసి, ఇన్ని నెలలూ ఎక్కడ దాక్కుందట అని అడిగాడు. అంతా విన్నాక తెల్లకాగితం నా ముందుకి తోశాడు. సంతకం పెట్టిన ఆ వాంగ్మూలం డాక్టరుకి చేరింది. నీ ఫైలులో ఇప్పుడు కొత్త వాక్యం ఉంది. ఆగి ఉన్న కారు తలుపు ఒక్కసారిగా తెరుచుకోవడంతో హ్యాండిలు దానికి తగిలి పడింది, అని. నిన్న పక్క బల్ల అమ్మాయి కోడ్ మార్చింది. వి పదమూడు. నన్ను ముట్టుకోనివ్వలేదు, అది న్యాయమే.

నువ్వు ఊరికే పడలేదు బౌక్యా, నిన్ను పడగొట్టారు. నీ బుర్ర సరిగ్గానే ఉంది. ఆ పొద్దున మీ వీధిలో నిజం చెప్పింది అదొక్కటే. దీంతోపాటు నకలు పెడుతున్నాను. యిల్డౌకి చూపించి తాళంచెవి అడుగు. టైర్లలో గాలి ఉండదు, పక్కింటివాళ్ళ పంపు తెచ్చుకో.

ఇట్లు,
నీ
విట్స్కే

తా.క.: సాక్షి పేరు నకలు చివర ఉంది. నువ్వు అక్కడిదాకా వెళ్ళేలోపు నేనే చెప్పాలి. ఆ రోజు నీ దగ్గరికి కాఫీకి నేను నడిచి రాలేదు. వాన పడుతోందని కారులో వచ్చి మీ ఇంటి ముందు ఆపాను. ఎడమ పక్కనుండే డ్రైవరు తలుపుని దూరంగా ఉన్న కుడి చేత్తో తెరవమని మనందరికీ డ్రైవింగు నేర్పినవాళ్ళు చెప్పారు కదా, అలా అయితే ఒళ్ళు తిరిగి వెనక వచ్చే సైకిలు కనబడుతుందని. నా కుడి చేతిలో నీకోసం తెచ్చిన చక్కెర రొట్టె ఉంది. ఎడమ చేత్తో తెరిచాను. అంబులెన్సువాళ్ళకి పడిపోయిందని చెప్పింది నేనే. కారు ఎందుకు అమ్మేశావని ఎన్నిసార్లు అడిగావో, ఇదే జవాబు. అందరికంటే ముందు విట్స్కే పరుగెత్తుకొచ్చిందని ఇప్పటికీ ఊరంతా చెబుతావు. నేను పరుగెత్తలేదు బౌక్యా. కారు దిగాను, అంతే.