ఆరో జట్టు

కోటబొమ్మాళి, శనివారం
నవంబరు 2016

ఈ రోజు ఇంకో కబడ్డీ జట్టు కోచ్ ఫోన్ చేశాడు. నాకిది ఆరో జట్టు. ఇంతవరకు ఎవరూ నన్ను రెండో ఏడాది ఉంచుకోలేదు. ఈసారి మ్యాచ్‌లు కూడా ఆడించరట. ప్రాక్టీసులో కుర్ర డిఫెండర్లు పట్టు నేర్చుకోవడానికి నా కాళ్లు కావాలట.

"వస్తాను సార్" అన్నాను.

నా మోకాలికి నూనె రాస్తున్న మా ఆవిడ మేరీ చెయ్యి ఆపేసింది. "ఏటి, మళ్లీ ఎల్తావా? సోమవారం నుంచి మన చర్చి బడిలో పీఈటీగా సేరతానని పాస్టరుగారికి మాటిచ్చీసినావు. ఆయనకేటి సెప్పమంటావు?"

"నేనే సెప్తానులే."

బడిలో చేరితే ఇక ఆట ఉండదు. ఆ జట్టుకి వెళ్లినా ఆట ఉండదు. అది తెలిసి కూడా, కోచ్ అడగడం పూర్తికాకముందే ఒప్పేసుకున్నాను. రేపు ఆరాధన అయ్యాక పాస్టరుగారి ముందు నిలబడాలి. నన్ను వెళ్లొద్దనమని ఆయన్నే అడుగుతానేమో.