బుడాన్ గేమ్ షాపు డిస్కులు

ఒంగోలు

ప్రియమైన స్తుతికి,

పార్శిల్ చూసి కంగారుపడకు. ఇవి నాన్న నడిపిన బుడాన్ గేమ్ షాపు డిస్కులు. షాపు మూసినప్పటి నుంచీ అటక మీద మిర్చి గోతంలో ఉన్నాయి. పక్షవాతం వచ్చాక నాన్న కుడిచెయ్యి కదపడం లేదు, మాట కూడా రావడం లేదు. ఫిజియోథెరపీ చేసే మాధురి గారు, "ఆయనకి ఇష్టమైన పనేదైనా చేతికి పెట్టండి" అన్నారు. నాకు తోచింది గేములే. అవి ఆడే మెషీన్ పాడైపోయింది. నువ్వు పాత గేముల్ని కంప్యూటర్లో దాస్తుంటావుగా, వీటినీ ఎక్కించవే. కార్ల రేసు తప్పకుండా కావాలి. బడి నుంచి వచ్చి మనం ఆడింది అదేగా.

నీ అనీసా

తాడేపల్లి

ప్రియమైన అనీసాకి,

పెట్టె తెరవగానే ఒకటే తుమ్ములు. ఒక్కో డిస్కునీ ఉన్నదున్నట్టు ఒకే ఫైలుగా తీసి, ఏదీ పోకుండా కుదించాను. మీ షాపంతా ఒక్క పెన్‌డ్రైవులో పట్టేసింది. కార్ల రేసు ఒక్కటే మొండికేసింది. గీతలు పడటంతో ఆట సగంలో ఆగిపోతోంది. ఇంకో కాపీ ఉందేమో బాబాయ్‌ని అడుగు.

నీ స్తుతి

ఒంగోలు

స్తుతీ,

అడిగితే నాన్న ఎడమచేత్తో బీరువా చూపించాడు. బట్టల కింద దొరికింది. దీనికీ గీతలే. పనికొస్తుందా? రోజంతా గోడవైపు తిరిగి పడుకుంటున్నాడే. భయంగా ఉంది.

అనీసా

తాడేపల్లి

అనీసా,

రెండింటికీ గీతలున్నాయి గానీ ఒకే చోట లేవు. ఇందులో చదవని ముక్కలు అందులోంచి తీసి కలిపాను. చివరిదాకా ఆడి చూశాను, ఎక్కడా ఆగలేదు. పెన్‌డ్రైవుతో పాటు కంట్రోలర్ కూడా పంపుతున్నాను. బాబాయ్ ఎలా ఉన్నాడో రాయి.

స్తుతి

ఒంగోలు

ప్రియమైన స్తుతికి,

లాప్‌టాప్‌ని టీవీకి కలిపి ఆట పెట్టి, కంట్రోలర్ చేతికిస్తే నాన్న పక్కన పడేశాడు. అప్పుడు తట్టింది నాకు. అన్నేళ్ళు షాపు నడిపాడు గానీ, ఆయన ఆడగా మనం ఎప్పుడైనా చూశామా? స్టూలు మీద కూర్చుని మన ఆటే చూసేవాడు.

సరేనని నేనే ఆడాను. మొదటి మలుపులోనే గోడని గుద్దేశాను.

"బ్రేకు! బ్రేకెయ్యవే!"

మాట వంకరగానే వచ్చింది గానీ వీధిలోకి వినబడింది. అమ్మ వంటింట్లోంచి పరిగెత్తుకొచ్చింది.

వేళ్ళు మాత్రం ఇంకా కదల్లేదు. మాధురి గారికి ఉన్నదే చెప్పాను. "అయితే రోజూ ఓడిపోండి" అన్నారావిడ. అది నాకు కష్టమేం కాదు. కానీ నిన్న నాన్నకే విసుగొచ్చింది. "నీ వల్ల కాదు. స్తుతిని పిలువు" అన్నాడు.

ఆదివారం చర్చి అవగానే బస్సెక్కు.

ఓడిపోతున్న నీ అనీసా