ఎర్రగుడ్డ కట్టిన మంచినీళ్ల నల్లా

హుక్సాన్ దీవి,
దసరా పోయిన రెండో వారం.

అన్న సాయిలుకు, వదినకు, ఇంటిల్లిపాదికి సముద్రం అవతలి నుంచి మీ లింగం పెట్టే దండాలు.

మీరంతా చల్లగా ఉన్నారని, పిల్లలు బడికి పోతున్నారని, ఈ ఏడు నిజాంసాగర్ నిండుగా ఉంది కాబట్టి నీ వలలు ఖాళీగా రావడం లేదని నమ్ముతున్నాను. నేను కూడా బాగున్నానని రాయడం మర్యాద. ఒంటికి బాగానే ఉంది అన్నా. జ్వరం లేదు, దెబ్బ లేదు, మూడు పూటలా తింటున్నాను. ఒంటి సంగతి ఇంతే. మిగతా సంగతి రాయడానికే కూర్చున్నాను.

"చేతిల ఫోన్ వెట్టుకొని ఉత్తరం ఏందిరా" అని నవ్వుతావు. ఫోనులో చెప్పాలని మూడుసార్లు చూశాను. నీ గొంతు వినగానే నా నోట వేరే మాట వస్తోంది. అందుకే గోపాల్ చేతికి ఇచ్చి పంపుతున్నాను. గాంధారి దగ్గర తండా పిల్లగాడు, దీవికి అవతలి ఒడ్డున చేపల పంజరాల మీద పనిచేసేవాడు అని చెప్పాను కదా, అతనే. పని గడువు అయిపోయి ఇంటికి వస్తున్నాడు. ఎల్లారెడ్డి బస్టాండులో నీ చేతికే ఇస్తానని మాటిచ్చాడు.

నీకు కూడబలుక్కుని చదివే ఓపిక లేదు, వదినే చదివి వినిపిస్తుంది. వదినా, నీకో మాట. అన్న మొహం చూసి నడుమ వరుసలు దాటేయకు. ఉన్నది ఉన్నట్టు చదువు. సుజాత పక్కన కూర్చుని బీడీలు చుడుతూ వింటుంది. విననీ. నా పెళ్లాం అయినా తనకు కూడా ఇప్పటిదాకా నిజం చెప్పలేదు.

మొక్పో అనే పట్నం నుంచి వేగంగా పోయే బోటులో రెండు గంటలు వస్తే ఈ దీవులు. పెద్దది ఒకటి, చుట్టూ చిన్నవి. చెట్లు చిక్కగా ఉండి దూరం నుంచి కొండ నల్లగా కనిపిస్తుంది. హుక్సాన్ అంటే నల్లకొండ అనే అర్థమట. వచ్చిన కొత్తలో నాలుగు దిక్కులా నీళ్లు చూసి, ఇక మనకేం భయం అనుకున్నాను. నిజాంసాగర్‌కు కట్ట ఉంది, దీనికి లేదు, అంతే తేడా అని నీకు ఫోనులో గొప్పలు కూడా పోయాను.

నేను పనిచేసేది ఒక ముసలి దంపతుల దగ్గర. సముద్రంలో పంజరాలు కట్టి జొన్‌బోక్ అనే ఒక నత్తను పెంచుతారు. దానికి ఒకటే చిప్ప, కింద నాలుక లాంటి మాంసం. రాతికి అతుక్కుందంటే కత్తి పెట్టి లేపాలి. చేతితో లాగితే మన గోళ్లు ఊడాల్సిందే. పొద్దున్నే పడవ మీద పోయి పంజరాలు పైకి లేపి, బారెడు బారెడు సముద్రపు ఆకు మేత వేసి వస్తాం. చిటికెన వేలి గోరంత పిల్ల అమ్మకానికి ఎదగాలంటే మూడేళ్లు. ఆ ముసలమ్మ వాటిని ఎట్లా చూస్తుందో నువ్వు చూస్తే, మన వదిన మేకపిల్లలను చూసినట్టే ఉంది అంటావు.

గాలి సంగతి చెప్పనా. మన దగ్గర గాలి వస్తే పోతుంది. ఇక్కడి గాలి వచ్చి కూర్చుంటుంది. అది లేస్తే బోట్లు బందు. రెండు రోజులో, మూడు రోజులో, ఎవరికీ తెలియదు. ఆ రోజుల్లో రేవు దగ్గరికి పోయి ఊరికే నిలబడతాను. తిండి కూడా అంతే. అన్నం ముద్దగా ఉంటుంది, కూరలో కారం ఉంటుంది కానీ మన కారం కాదు, పులుపులో చింతపండు ఉండదు. ఒక చేపను మురగబెట్టి తింటారు, యూరియా బస్తా మూతి విప్పినట్టు కళ్లలో నీళ్లు తిరుగుతాయి. ముసలమ్మ మర్యాదగా ముందు నాకే పెడుతుంది. తినకపోతే చిన్నబోతుందని ఊపిరి బిగబట్టి మింగుతాను.

ఇవన్నీ ఓర్చుకున్నాను అన్నా. ఇక అసలు సంగతి.

వినాయకుని పండుగకు నాలుగు రోజుల ముందు నీకు వీడియో కాల్ చేశాను, గుర్తుందా? అప్పుడే వలలు తీసి గట్టుకు వచ్చావు, తల తుడుచుకుంటున్నావు. దానికి రెండు రోజుల ముందు ముసలాయనకు ఊపిరి అందక, ముసలమ్మ ఆయనను మొక్పో దవాఖానాకు తీసుకుపోయింది. వాళ్లు పోగానే గాలి లేచింది. బోట్లు బందు. అమ్మడానికి ఏరి తెచ్చిన జొన్‌బోకులన్నీ ఒడ్డున తొట్టిలో ఉన్నాయి. మోటారు సముద్రపు నీళ్లు తోడి ఆ తొట్టిలో పోస్తూనే ఉండాలి. నీకు కాల్ చేసిన పొద్దునే కరెంటు పోయింది, మోటారు ఆగింది. నిలిచిపోయిన నీళ్లు వేడెక్కి వాసన మొదలైంది. తొట్టి నిండా మూడేళ్ల పెంపకం, చూసుకోవడానికి నేనొక్కడినే.

ముసలమ్మకు ఫోన్ చేయవచ్చు. చేయలేదు. భర్తను దవాఖానాలో పెట్టుకుని ఉంది, ఆమెను కంగారు పెట్టడమెందుకు అనుకున్నాను. అది సగం నిజం. నీళ్ల పని నాకు ఒకరు చెప్పాలా అనే పొగరు మిగతా సగం. నీకు చేశాను. నువ్వేమన్నావో నాకు అక్షరం పొల్లుపోకుండా గుర్తుంది.

"అరే లింగం, గింత దానికి పరేషాన్ అయితరా? కొర్రమట్ట చాపలు డ్రమ్ముల ఏసుకొని కామారెడ్డికి వోయేటప్పుడు ఏం జేస్తుంటిమి మనం? లింగంపేట బోరింగ్ కాడ ఆటో ఆపి సల్లటి మంచినీళ్లు వోస్తే లేసి ఎగురుతుండె. గట్లనే వట్టు. ఫికర్ చెయ్యకు."

నువ్వు చెప్పినందుకే చేశానని కాదు అన్నా. నేను అప్పటికే పైపు చేతిలో పట్టుకుని ఉన్నాను. నీ నోటితో వినాలని చేశాను, అంతే. కొండ మీది ట్యాంకు నుంచి ఇంటికి మంచినీళ్లు వచ్చే నల్లా ఒకటి ఉంది. ఆ నల్లాకు పైపు తగిలించి తొట్టిలోకి వదిలాను. ఈ దీవిలో మంచినీళ్లు ఎంత పొదుపుగా వాడతారో తెలిసీ వదిలాను. చెయ్యి పెట్టి చూస్తే నీళ్లు చల్లబడ్డాయి, వాసన పోయింది. ఖుషీ అయిపోయి నీకు మళ్లీ ఫోన్ చేసి "బతికినయి అన్నా" అన్నాను.

బతకలేదు.

ఫోన్ పెట్టి తొట్టి దగ్గరికి వచ్చేసరికి ఒకటి గోడ మీది నుంచి జారి అడుగున పడింది. మేత కోసం కదిలింది అనుకున్నాను. ఇంకొకటి జారింది. తర్వాత నాలుగు. కత్తి పెడితే గానీ రానివి, వేలితో తాకితే ఊడి వస్తున్నాయి. సాయంత్రానికి అన్నీ వెల్లకిలా పడి ఉన్నాయి. అప్పుడు తెలిసింది అన్నా. ఉప్పునీళ్లలో పుట్టిన ప్రాణానికి మంచినీళ్లు విషం. సముద్రం ఎంత దూరంలో ఉందో తెలుసా? ఇరవై అడుగులు. బకెట్‌తో తోడి పోస్తూ కూర్చున్నా బతికేవి. అలలు పెద్దవిగానే ఉన్నాయి, అయినా నాకు చేతులు లేవా? ఆ ఉప్పునీళ్లు నా కంటికి అసలు నీళ్లలాగా కనిపించలేదు. మనకు నీళ్లంటే తాగేవే కదా.

మరునాడు పొద్దున గాలి తగ్గి ముసలమ్మ వచ్చింది. ముసలాయన దవాఖానాలోనే ఉన్నాడు, ఇప్పటికీ అక్కడే. ఆమె తొట్టిలోకి చూసింది. తొట్టిలో చెయ్యి ముంచి, తడి వేలు నాలుకకు తాకించుకుంది. నా వైపు చూసింది. తిడుతుందని, కొడుతుందని, పొమ్మంటుందని చూశాను. వాసన రాకుండా బాగున్న కొన్నింటిని ఏరుకుని లోపలికి పోయింది. వాటితో జావ కాచి నా ముందు ఒక గిన్నె పెట్టి, తానొక గిన్నె పెట్టుకుని కూర్చుంది. నేను చంపినవాటిని నాకే వండి పెట్టింది అన్నా. తిన్నాను. ఏడుస్తూ తిన్నాను. ఆమె గిన్నెలోకే చూస్తూ తిన్నది.

తెల్లవారి లేచి చూస్తే మంచినీళ్ల నల్లాకు ఎర్రగుడ్డ కట్టి ఉంది. కోపంతో కట్టలేదు, నేను మళ్లీ మరిచిపోతానని కట్టింది. అప్పటి నుంచి తొట్టి దగ్గరికి రానివ్వదు. చిప్పలు కడగడం, ఆకు ఎండబెట్టడం, ఊడవడం నా పని. రోజూ దాహం వేసినప్పుడల్లా ఆ గుడ్డ చూస్తూ నీళ్లు పట్టుకుంటాను. ఏడేళ్ల వయసు నుంచి నీ వెంట తెప్ప మీద తిరిగినవాడిని. నీళ్ల మీద ఎక్కడ బుడగ లేస్తే ఏ చేప ఉందో చెప్పేవాడిని. ఇప్పుడు ఏ నీళ్లు పట్టినా ముందు వేలు ముంచి నాలుకకు తాకించి చూసుకుంటున్నాను. నాకు ఉన్నది ఆ ఒక్క విద్యే కదా అన్నా. అది కూడా పోయింది.

ఆ "బతికినయి" అనే మాట ఎంత పని చేసిందో నీకు తెలియదు. నువ్వు దాన్ని చేపల సంఘంలో అందరికీ చెప్పుకున్నావట. "మన నిజాంసాగర్ తెలివి సముద్రంల గూడ పనికొచ్చింది" అని గట్టు మీద మీసం దువ్వావని వదిన చెబితే నేనూ నవ్వాను. వారం తిరగక ముందే "నేను గూడ వస్త తమ్మీ, ఇద్దరం ఉంటె సముద్రమే మనకు దండం వెడ్తది" అన్నావు. పాస్‌పోర్టుకు పెట్టావు. దీపావళి పోయాక చేపల సంఘంలో పేరు తీసేయించుకుంటానని, తెప్ప, వలలు ఇచ్చేస్తానని మొన్న చెప్పావు. ఒకసారి పేరు కొట్టేస్తే మళ్లీ ఎక్కించుకోరు. బాపు కాలం నుంచి వస్తున్న సభ్యత్వం అది.

నేనేమన్నాను? "రా అన్నా, జల్ది రా" అన్నాను.

ఎందుకన్నానో చెబుతాను, వదినా, ఇది తప్పకుండా చదువు. అన్న బాగుపడతాడని కాదు. ఒక్కడిని ఉండలేక అన్నాను. గోపాల్‌తో ఆదివారం ఆదివారం రెండు ముక్కలు మాట్లాడేవాడిని, అతనూ పోతున్నాడు. ఇక ఈ దీవి మీద తెలుగు మాట ఉండదు. ఆ గుడ్డను ఒక్కడినే చూడలేక, నా పక్కన నిలబడి చూడడానికి మా అన్న కావాలనుకున్నాను. నీ బతుకు తెంపి నా పక్కన కట్టుకోవాలనుకున్నాను. ఇంతకంటే పెద్ద తప్పు నేను చేయలేదు. తొట్టిది తెలియక చేశాను, ఇది తెలిసి చేశాను.

నువ్వు వస్తావని ముసలమ్మకు కూడా చెప్పాను, మొన్న ఆమె ఫోను ముందు పెట్టి ఏదో అడిగింది. ఆ ఫోను తెలుగులోకి మార్చి చెబుతుంది, వార్తలు చదివే ఆమె మాట్లాడినట్టు. "మీ అన్నయ్య ఎప్పుడు వస్తారు? ఇద్దరు ఉంటే మీరు దిగులుపడరు" అంది. అన్ని ప్రాణాలు తీసినవాడి దిగులు గురించి ఆమె ఆలోచిస్తోంది. వస్తాడు అందామని నోరు తెరిచాను. లేచి పోయి ఆకు ఎండబెట్టాను.

నువ్వు నాకంటే తెలివైనవాడివి, నేర్చుకుంటావు అని వదిన అనుకోవచ్చు. నేర్చుకుంటాడేమో వదినా. కానీ ఆ రోజు ఇద్దరం కలిసే కదా తప్పు చేశాం. వచ్చి తొట్టి ముందు నిలబడితే అన్న చెయ్యి కూడా ముందు మంచినీళ్ల మీదికే పోతుంది. వయసులో చిన్నవాడిని, నేనే ఓర్చుకోలేకపోతున్నాను. నీళ్ల ముందు అన్న తలవంచుకోవడం నేను చూడలేను.

నేను గడువు దాకా ఉంటాను. ముసలాయన వస్తాడో లేదో తెలియదు, ఆమెను ఇట్లా వదిలి ఎట్లా వస్తాను? మీరు భయపడకండి. తింటున్నాను, పడుకుంటున్నాను. నీతో తెమ్మని చెప్పిన చింతపండు, వదిన చేతి మిరపకాయ తొక్కు, పసుపు, ఇప్పుడు ఏవీ వద్దు. సుజాతకు చెప్పండి, బతుకమ్మ ఆడుతుంటే వీడియోలో చూశాను, ఎర్ర చీరలో బాగుంది, నా మీద కోపం వస్తే ఫోనులో తిట్టమనండి. పిల్లలకు ముద్దులు. పెద్దమ్మకు, సంఘంలో పెద్దమనుషులకు దండాలు. అన్నా, నా మీద మనసు విరుచుకోకుండా ఒక్కసారి నీళ్లలో నిలబడి నన్ను దీవించు.

గోపాల్ వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. "అన్నా, జర జల్ది, గాలి లేస్తె బోటు వోదు" అంటున్నాడు. దీపావళికి ముందే ఇది మీకు అందాలి.

వదినా, ఇక్కడిదాకా వినేసరికి అన్న లేచి కట్ట వైపు పోతాడు. పోనీ, ఆపకు. తిరిగి వచ్చి కాళ్లు కడుక్కుని కూర్చున్నాక, ఈ ఒక్క మాట మళ్లీ చదువు. రావద్దు అన్నా.

మీ తమ్ముడు,
లింగం