ఇత్తడి రేకు మీద నీ పేరు

గంగన్నా,

నువ్వు పోయి ఈ రోజుకు ఏడాది. దుబాయ్ సత్వాలో మన గదిలోనే, నీ మంచం పక్కన కూర్చుని రాస్తున్నాను.

నేను వంట చేసే జర్మన్ సారు వాళ్లు సెలవులకు బెర్లిన్ వెళ్తూ నన్నూ తీసుకెళ్లారు. ఒక పొద్దున, యుద్ధకాలం నాటి యూదుల వీధులు చూపించే గైడు వెంట అందరం నడిచాం. ఒక ఇంటి ముందు ఆమె మోకాళ్ల మీద కూర్చుని, కాలిబాటలో బిగించిన అరచేయంత ఇత్తడి రేకును చేతిరుమాలుతో తుడిచింది. ఆ ఇంట్లోంచి నాజీలు పట్టుకుపోయి చంపిన దర్జీ పేరు దాని మీద ఉంది.

"వాళ్లు ఈ పేరు కూడా మిగలకూడదనుకున్నారు. అందుకే ఇక్కడ పెట్టాం," అని ఇంగ్లీషులో చెప్పింది.

వాళ్ల ఘోరం వేరు, మన కష్టం వేరు. అది నాకు తెలుసు. కానీ దుబాయ్‌లో ఎన్నో విల్లాలకు ఇత్తడి నేమ్‌ప్లేట్లు చెక్కిన నీకు, పదకొండేళ్లు పడుకున్న ఈ గదిలో ఒక్క అక్షరం కూడా లేదని అక్కడే తట్టింది.

నీ సామాన్ల పెట్టె ఇంటికి పంపినప్పుడు నీ ఉలి ఒక్కటి దాచుకున్నాను. తిరిగొచ్చాక దానితోనే ఒక ఇత్తడి రేకు మీద చెక్కాను: "ఈడ గంగరాజం అన్న ఉండె." నీ మంచం పైన గోడకు కొట్టాను.

గది చూసుకునే మల్లేశం మండిపడ్డాడు. "పోయినోని పేరేందిరా ఈడ? కొత్తోడు పండాలంటే భయపడ్తడు. యల్లా, జల్ది తియ్!"

"నేను తియ్య. నువ్వు పీకితే మళ్ల కొడ్త," అన్నాను.

అక్షరాలు వంకరపోయాయి, చూస్తే తిడతావు. మల్లేశాన్ని పీకనీ, అన్నా. ఇంకొకటి చెక్కుతాను. అది ఇంతకంటే తిన్నగా వస్తుంది.