రీడ్ కింద సందు

షామ్‌బర్గ్,
జనవరి 2009

నా చెవిటి మహారాణి ఛాయాదేవికి,

మీ ఊరు కమ్మింగ్‌లో చలే లేదని గొప్పలు పోయావుగా, ఇక్కడ మా వాకిట్లో మంచు మోకాళ్ల దాకా ఉంది. నీ చెవికి ఫోన్ పనికిరాకుండా పోవడం ఒకందుకు మంచిదే అయింది. ఈ మాట ఫోన్‌లో చెప్పేది కాదు. జెఫ్ ఎప్పుడూ పక్క గదిలోనే ఉంటాడు, ఇన్నేళ్ల కాపురంలో తెలుగు మాట్లాడకపోయినా విని అర్థం చేసుకోవడం నేర్చేసుకున్నాడు దొంగ.

మా పెళ్లికి వచ్చినదానివి, అతని కథ నీకు తెలుసు. బెల్జియంలో బొగ్గుగని కార్మికుడి కొడుకు. దుమ్ము మింగి మింగి, పడుకుంటే ఊపిరాడక, తండ్రి మంచం మీద కూర్చునే ప్రాణం వదిలాడు. అది కళ్లారా చూసిన పిల్లవాడు సంతలో ఒక మౌత్ ఆర్గాన్ కొనుక్కున్నాడు. మిగతావన్నీ ఊదితేనే పలుకుతాయి, ఇది పీల్చినా పలుకుతుంది కదా అని దాన్ని వదలలేదు. ఓడెక్కి న్యూయార్క్ వస్తే, పిల్లల బొమ్మ పట్టుకొచ్చావేమిటని జాజ్ వాళ్లు నవ్వారట. సాక్సఫోన్ వాయించేవాడు పాట ముగించి దిగగానే అదే పాట అందుకుని, వాడు ఆపిన చోటి నుంచి పైకి ఎక్కించాడు జెఫ్. తర్వాత ఎవరూ నవ్వలేదు. రికార్డులు, టూర్లు, టీవీలో సబ్బుల ప్రకటనలు, అన్నీ అయ్యాయి. పత్రికలు ఏటా ఇచ్చే బహుమతుల్లో మాత్రం అతని వాయిద్యానికి వేరే విభాగమే ఉండేది కాదు, ఇతరముల కింద వేసేవాళ్లు. "నేను ఇతరములు గాణ్ణి డాక్టరమ్మా" అని ఇప్పటికీ నవ్విస్తాడు. ఆ పిలుపు మా అమ్మ దగ్గర పట్టుకున్నదే.

అసలు సంగతికి వస్తాను. అతని ఊపిరితిత్తులు తండ్రి దారే పట్టాయి. బొగ్గు తప్పించుకున్నాడు గానీ క్లబ్బుల్లో సిగరెట్ పొగ తప్పించుకోలేదు. చూసే డాక్టరు యోగానంద్, మన గుంటూరు పిల్లాడే, నన్ను పక్కకు పిలిచాడు. "ఆంటీ, అంకుల్ లంగ్ ఫంక్షన్ బాగా డ్రాప్ అయింది. ఏప్రిల్ కాన్సర్ట్ క్యాన్సిల్ చేయించండి. మీరు చెప్తే వింటారు" అన్నాడు. వినడమా! షికాగోలో జరిగే ఆ ఆఖరి కచేరీ కోసమే ఏడాదిగా బతుకుతున్నాడు మనిషి.

అందుకని నేనొక పని చేస్తున్నాను. కంటి ఆపరేషన్లు చేసిన చేతులు కదా, పెళ్లైన కొత్త నుంచీ అతని మౌత్ ఆర్గాన్ల మరమ్మతు నాదే. లోపల ఒక్కో స్వరానికి ఒక్కో ఇత్తడి రీడ్, అంటే ఊపిరికి కంపించే పల్చటి రేకు, దాని కింద వెంట్రుకంత సందు. సందు ఎక్కువుంటే గట్టి ఊపిరి కావాలి, తగ్గిస్తే చిన్న ఊపిరికే పలుకుతుంది. శుభ్రం చేస్తున్నానని చెప్పి ఆ సందు కొంచెం కొంచెంగా తగ్గించుకుంటూ వస్తున్నాను. "ఇవాళ దమ్ము బాగుంది" అని మురిసిపోతున్నాడు. ఇలా చేస్తే గట్టిగా ఊదినప్పుడు రీడ్ మూసుకుపోయి మూగపోతుంది, ఆ మాట నిజమే. కానీ ఇక గట్టిగా ఊదే రోజులు ఎక్కడివి?

మొగుణ్ణి మోసం చేస్తున్నావా అని తిడతావు. తిట్టుకో. కచేరీ అయ్యేదాకా ఆపను.

నీ మొండి
ప్రమోద

షామ్‌బర్గ్,
ఏప్రిల్ 2009

ఛాయా,

ఈసారి వేళాకోళం చేసే ఓపిక లేదు.

కచేరీకి హాలు నిండింది. మొదట నెమ్మది పాట వాయించాడు. నా రీడ్లు మంచులా కరిగి పలికాయి. పక్కన కూర్చున్న మా పొరుగింటి రాజేశ్వరమ్మగారు కళ్లు తుడుచుకుంటూ "అంత పెద్దాయనకి ఎంత దమ్మండీ" అంది. లోపల్లోపల గర్వపడ్డాను, పాపిష్టిదాన్ని. తర్వాత జెఫ్ డ్రమ్స్ అతనికి కన్ను కొట్టాడు. ఆ కన్ను కొట్టడం నేను చూసి పదేళ్లయింది. వేగం పాట ఎత్తుకుని, నలభై ఏళ్ల వయసులో ఊదినట్టు ఊదాడు.

ఒక స్వరం పలకలేదు. దాని పక్కదీ పలకలేదు. ఇంకా గట్టిగా ఊదాడు, ఇంకొన్ని మూగపోయాయి. చంకలో వెచ్చగా పెట్టుకున్న రెండోది తీశాడు. దాన్నీ నేనే సవరించాను కదా, అదీ అంతే. వెనక బ్యాండు కాసేపు వాయించిందే వాయించి ఆగిపోయింది. జెఫ్ మైకు దగ్గరికి వచ్చి, "క్షమించండి. నా ఊపిరి అయిపోయింది" అన్నాడు. జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లు వింటూ తల దించుకుని దిగిపోయాడు. ఇంటికొచ్చాక ఒక్క మాటే అన్నాడు, "మా నాన్న వచ్చి నా ఛాతీలో కూర్చున్నాడు."

మర్నాడు యోగానంద్ వచ్చాడు. "సారీ ఆంటీ. మీకు చెప్పొద్దని అంకుల్ ప్రామిస్ తీసుకున్నారు. కాన్సర్ట్ కోసం స్టెరాయిడ్ కోర్స్ స్టార్ట్ చేశాను. ఆ రోజు మధ్యాహ్నం చెక్ చేశా, బ్రీతింగ్ చాలా ఇంప్రూవ్ అయింది. స్టేజి మీద ఎందుకలా అయిందో నాకర్థం కావట్లేదు" అన్నాడు.

నాకర్థమైంది ఛాయా. ఆ సాయంత్రం అతనికి ఊపిరి ఉంది. నన్ను ఆశ్చర్యపరచాలని దాచుకున్నాడు. నేను రీడ్లు బిగించి దాని పీక నులిమాను.

యోగానంద్ వెళ్లగానే రెండు మౌత్ ఆర్గాన్లూ విప్పి సందులు ఎప్పటిలా సరిచేసేశాను. జెఫ్‌కి చెప్పను. చెబితే నన్ను క్షమించడు. ఉన్న కొద్ది కాలం అతని కళ్లలో అసహ్యం చూస్తూ బతకలేను. నా స్వార్థమే ఇది, ఇంకో పేరు పెట్టడం లేదు.

ప్రమోద

షామ్‌బర్గ్,
డిసెంబర్ 2009

ఛాయా,

జెఫ్ పోయాడు. మొన్న మంగళవారం, వాళ్ల నాన్నలాగే కూర్చునే.

చెప్పనన్నానుగా, చెప్పేశాను. అక్టోబర్లో ఒకరోజు తన రికార్డులన్నీ అట్టపెట్టెలో సర్ది, వాటి మీద మౌత్ ఆర్గాన్లు పడేశాడు. "ఎవరికైనా ఇచ్చెయ్. నన్ను నడి వేదిక మీద వదిలేసిన ఊపిరి పాటలు నేను వినను" అన్నాడు. ఆ మాట అబద్ధమని ప్రపంచంలో తెలిసినదాన్ని నేనొక్కదాన్నే. అక్కడే నేల మీద కూర్చుని అంతా చెప్పాను.

గోడ వైపు తిరిగాడు. వారం పైన మందులు ఇంటికొచ్చే నర్సు చేతి నుంచే తీసుకున్నాడు. ఒక మధ్యాహ్నం నేను దుప్పటి సర్దుతుంటే అటు తిరిగే అడిగాడు, "అంత గట్టిగా ఊదానా?"

"ఊదావు. రీడ్లు తట్టుకోలేకపోయాయి" అన్నాను.

"నిజంగా అంత గట్టిగానా?" అని మళ్లీ అడిగాడు. నవ్వాడు. ఆ నవ్వు దగ్గయింది, దగ్గు తగ్గడానికి చాలాసేపు పట్టింది. తగ్గాక ఇటు తిరిగాడు. "నిన్ను క్షమించలేదు డాక్టరమ్మా. నేను పేషెంటు కావడానికి నిన్ను పెళ్లి చేసుకోలేదు. కానీ మైకులో నా ఊపిరి గురించి నేను అబద్ధం చెప్పాను. అది నువ్వు దిద్దాలి. మైకులోనే దిద్దాలి." సరేనన్నాను. తర్వాత నా చేతి అన్నం తిన్నాడు.

నిన్న సంస్మరణ సభ. షికాగో నుంచి బ్యాండు వాళ్లొచ్చారు, మనవాళ్లూ వచ్చారు. మాట్లాడినవాళ్లందరిదీ ఒకటే మాట, ఊపిరి చాలకపోయినా వేదిక ఎక్కిన ధీరుడని. పేపర్లోనూ అదే వేశారు. నా వంతు వచ్చింది. మైకు పట్టుకుని, "ఆయన ఊపిరి ఆ రోజు తప్పలేదు. ఆయనకు తెలియకుండా రీడ్లు బిగించింది నేను" అని ఇంగ్లీషులో ఒకసారి, తెలుగులో ఒకసారి చెప్పాను. సందుల సంగతి చేతులు తిప్పి వివరించాను.

ఎవరూ నమ్మలేదు ఛాయా. డ్రమ్స్ అతను జెఫ్ ఫొటో ముందు పెట్టిన ఒక మౌత్ ఆర్గాన్ తీసి గట్టిగా ఊదాడు. శుభ్రంగా పలికింది. సరిచేసింది నేనే కదా! అతను తల ఊపి నా భుజం పట్టుకున్నాడు. రాజేశ్వరమ్మగారు నన్ను కావలించుకుని ఏడ్చింది. చివరికి యోగానంద్ కూడా, "ఆంటీ, మిమ్మల్ని మీరు బ్లేమ్ చేసుకోకండి. కొద్దిగా రెస్ట్ తీసుకోండి" అని చెయ్యి పట్టుకుని కుర్చీలో కూర్చోబెట్టాడు. మొగుడు పోయిన ముసలిది ఏదో అంటోందని అందరూ జాలిపడ్డారు. అరిచి చెప్పాలనిపించింది. అరిస్తే ఇంకా జాలిపడేవాళ్లు.

నా తప్పు నేను పోగొట్టుకోవాలని కాదు. అది నాతోనే ఉంటుంది. కానీ అతని మాట దిద్దుతానని మాటిచ్చాను, దిద్దలేకపోయాను. నీ చెవులకి ఇప్పుడు అతని రికార్డు పెట్టినా వినిపించదు. అయినా నీకే చెబుతున్నాను, నువ్వొక్కదానివైనా నమ్ము. ఆ సాయంత్రం జెఫ్‌కి ఊపిరి ఉంది.

ప్రమోద