అమ్మ కంచె లోపల

1955 ఏప్రిల్ 10

ఈ ఏడు పెద్దల పండగ, అమెరికా సైన్యం మా ఒకినావా దీవిలో వేసిన కంచెకు బయట చేశాం. మా ఇంటి పెద్దల సమాధి లోపల ఉండిపోయింది. కొండవాలులో తాబేలు వీపులా కనిపిస్తూనే ఉంది, మధ్యలో ముళ్లతీగ. చాపలు పరిచి, పంది మాంసం, చిలగడదుంపలు పెట్టి, అటు తిరిగి మొక్కాం. అమెరికా సిపాయి ఒకడు బబుల్‌గమ్ నములుతూ చూశాడు. మా చెల్లి నాబె గట్టిగానే అంది, వాడికీ ఓ ముక్క పెట్టక్కా, మన తాతల తలాపున కాపలా కాస్తున్నాడు పాపం, అని. పండగ పూట నవ్వకూడదు. నవ్వాను.

జూలై 11

నోటీసు వచ్చింది. అక్టోబరు ఒకటిన సమాధుల కొండ చదును చేస్తారట. ఈలోగా ఎముకలు తీసుకుపోవాలంటే పాస్ కావాలి. పాస్ కావాలంటే ఇంటి యజమాని సంతకం చేయాలి, మా పొలం ఇష్టపూర్వకంగా సైన్యానికి ఇచ్చానని.

మా పుట్టింటికి యజమాని మా తమ్ముడు సెయ్‌కిచి. రెండేళ్లుగా ఆ కాగితం ముట్టలేదు. ఊళ్లో సంతకం పెట్టనివి ఇంకా పదకొండు ఇళ్లు. అందరూ వాడి వైపే చూస్తున్నారు. వాడు పెడితే వాళ్లూ పెడతారు.

అమ్మ పోయి ఏడేళ్లు. ఎముకలు కడిగి కుండలో కూర్చోబెట్టాల్సిన వేళ వచ్చింది. కడగకపోతే ఆమె పెద్దల్లో కలవదు. కడగాల్సింది పెద్దకూతురు. అంటే నేను.

జూలై 12

తమ్ముడు వచ్చాడు. గుమ్మంలోనే నిలబడ్డాడు. నువ్వు పెట్టమంటే పెడతానక్కా, నాకు అమ్మ కంటే పొలం ఎక్కువ కాదు, అన్నాడు.

మా ఒకినావాలో తమ్ముడికి అక్క ప్రార్థనే కవచం. అందుకు గుర్తుగా వాడి చొక్కాలో నా చేతిగుడ్డ ఎప్పుడూ ఉంటుంది. పొలం కోసం బుల్డోజర్ ముందు పడుకున్న రోజు కూడా ఉంది.

పొయ్యి దేవతగా కొలిచే మూడు రాళ్ల ముందు చాలాసేపు కూర్చున్నాను.

పెట్టొద్దన్నాను.

జూలై 19

నాబె కంచె లోపల లాండ్రీలో పని చేస్తుంది. అక్కడ ఇంకో మనిషి కావాలట. లాండ్రీ వెనక నుంచి సమాధికి రెండువందల అడుగులు. నాది అత్తింటి పేరు. మా ఆయన యుద్ధంలో పోయినా ఆ పేరు మిగిలింది. నేను సెయ్‌కిచి అక్కనని ఆ పేరు చెప్పదు. ఫొటో తీశారు. పనివాళ్ల పాస్ ఇచ్చారు. యాభై నాలుగేళ్లకు ఉద్యోగం.

జూలై 22

తమ్ముడికి తెలిసింది. మన పొలం తిన్నవాళ్ల చెడ్డీలు ఉతకడానికి నీకు చేతులెలా వచ్చాయక్కా, అన్నాడు. ఎందుకో చెప్పలేదు. చెబితే నాకేమవుతుందోనని ఆ పూటే వెళ్లి సంతకం పెట్టేస్తాడు.

చేతిగుడ్డ మడిచి అరుగు మీద పెట్టి వెళ్లిపోయాడు.

ఆగస్టు 3

తమ్ముడు ఇంకా మాట్లాడటం లేదు.

ఆగస్టు 24

మా చాంద్రమాన లెక్కలో ఏడో నెల ఏడో రోజు. ముహూర్తం అడక్కుండా సమాధి తెరవగలిగే రోజు ఏడాదికి ఇదొక్కటే. మధ్యాహ్నం పన్నెండుకు భోజనాల విరామం, అరగంట.

మూతరాయిని ఇద్దరం కలిసి జరిపాం. అమ్మా, పెద్దదాన్ని వచ్చాను, అని చెప్పాను. ఎముకలకు ఎండ తగలకుండా నాబె గొడుగు పట్టింది. నిమ్మసోడా సీసాలో తెచ్చిన బియ్యం సారాతో ఒక్కొక్కటే కడిగాను. నాబె ఊరుకోదు కదా. నాన్న దగ్గర సారా వాసన వస్తే చీపురు తిరగేసేది, ఇప్పుడు చూడక్కా ఎంత బుద్ధిగా తడుస్తోందో, అంది. అంతలోనే గొడుగు ఇంకాస్త కిందికి దించింది.

తాతల కుండలు ఎలాగూ తేలేం, అమ్మ ఎముకలు కూడా అన్నీ ఒకేసారి బయటికి తేలేం. గేటు దగ్గర మూటలు విప్పిస్తారు. అన్నం డబ్బాలో మాత్రం చెయ్యి పెట్టరు, తిన్న ఎంగిలని. రోజుకు కొన్ని. పాదాలు ముందు, తల ఆఖరున. ఆ వరసలో కుండలోకి వెళితేనే మనిషి కూర్చున్నట్టు. ఎముకలు ఇంట్లోకి రాకూడదు కనుక, యుద్ధంలో మేం దాక్కున్న సముద్రపు గుహలో కుండ పెట్టాను.

ఆగస్టు 30

పాదాలు చేరాయి.

సెప్టెంబరు 9

పక్కటెముకలు. డబ్బాలో చప్పుడు రాకుండా మధ్యలో, పైన చిలగడదుంపలు కుక్కుతున్నాను. గేటు దగ్గర దుబాసీ కుర్రాడు గుషికెన్. హవాయిలో పుట్టినా తాతది మా దీవే. ఎవరూ వాడని పాత మాటలతో, మా ముసలాళ్లలా మాట్లాడతాడు. పెద్దమ్మా, రోజూ దుంపలేనా, అవీ సగం మిగిల్చి పట్టుకెళతారా, మా అమ్మ చూస్తే మిమ్మల్ని కొడుతుంది, అన్నాడు. నవ్వి తల వంచాను. అబద్ధం ఆడలేదు.

సెప్టెంబరు 21

కొండకు ఎర్రజెండాలు పాతారు. ఎల్లుండి నుంచి అటు ఎవరూ వెళ్లకూడదట. తల మిగిలింది. డబ్బాలో పట్టదు. రేపు బుట్టలో పెట్టుకుని నెత్తిన మోస్తాను.

సెప్టెంబరు 22

దొరికిపోయాను.

సిపాయి బుట్ట మీది గుడ్డ తీశాడు. అరవలేదు. రెండడుగులు వెనక్కి వేశాడు. నన్నూ నాబెనూ గదిలో కూర్చోబెట్టారు. అధికారి వచ్చాడు. కోపంగా లేడు. కోపంగా ఉంటే తేలిగ్గా ఉండేది. గుషికెన్ అతని మాటలు చెప్పాడు. ఇది సమాధిలోదైతే ఏ ఇంటివాళ్లదో చెప్పండి చాలు, ఆ ఇంటి యజమానిని పిలిపిస్తాం, కాగితం మీద సంతకం పెట్టి ఇప్పుడే తీసుకుపోవచ్చు, మీ మీద కేసు కూడా ఉండదు, అని.

నాబె నా మోకాలు నొక్కింది. చెప్పమనో, వద్దనో, తెలియలేదు.

అమ్మ బల్ల మీద ఉంది. శుభ్రంగా ఉంది. గొడుగు లేదు.

పిలిస్తే తమ్ముడు పరుగున వస్తాడు. పెడతాడు. సాయంత్రానికి పదకొండు ఇళ్లూ పెడతాయి.

ఎవరిదో తెలియదన్నాను. లాండ్రీ వెనక కాలువ తవ్వుతుంటే దొరికింది, యుద్ధంలో పోయినవాళ్లెవరో, అన్నాను.

గుషికెన్ వెంటనే ఇంగ్లీషులోకి మార్చలేదు. ఆ పాత మాటల్లోనే, మెల్లగా అన్నాడు, పెద్దమ్మా, మట్టిలో పడున్న ఎముక ఇంత తెల్లగా ఉండదు, సారా వాసన కూడా వస్తోంది, ఇంకోసారి ఆలోచించుకోండి, అని. నాకు తెలియదు నాయనా, అన్నాను.

అతను అధికారి వైపు తిరిగి క్లుప్తంగా ఏదో చెప్పాడు. అధికారి రాసుకున్నాడు. బుల్డోజర్ల కింద బయటపడిన తలలు ఒక చెక్కపెట్టెలో ఉన్నాయి. వాటితో కలిపారు. ట్రక్కులో కంచె బయటికి, ఊరి చివర అనామకుల ఎముకల గూటికి పంపారు. మా పాస్‌లు తీసుకున్నారు.

ఇంటి దగ్గర నాబె, అమ్మకి వినబడే ఉంటుందక్కా, అంది.

సెప్టెంబరు 23

ఇవాళ ప్రార్థన చేయలేదు.

అక్టోబరు 1

కొండ లేదు. పన్నెండు గంటలకే అయిపోయింది. తమ్ముడు సంతకం పెట్టలేదు. పదకొండు ఇళ్లూ పెట్టలేదు.

అక్టోబరు 5

అనామకుల గూటికి వెళ్లాను. ఇనుప తలుపు సందులోంచి చూశాను. తలలన్నీ ఇటే తిరిగి ఉన్నాయి. అమ్మది ఏదో పోల్చుకోలేకపోయాను.

ఒక్కొక్కరినీ అమ్మా అని పిలిచాను. ఎవరూ కాదనలేదు.